గ్యారేజ్ గోడకి వైర్ షెల్ఫులు: షెల్ఫుకి ఫుల్ మార్కులు, స్క్రూల ప్యాకెట్‌కి సున్నా

గ్యారేజ్‌లో కాలు పెట్టే సందు లేకుండా సామాను పేరుకుపోతే గోడకి బిగించే వైర్ షెల్ఫుల సెట్ ఒకటి తెప్పించా, బరువులన్నీ పెట్టి బాగా వాడాకే రాస్తున్నా. కంపెనీ పేరు వద్దులెండి, వస్తువు గురించి మాట్లాడుకుందాం.

వీటిల్లో రెండు రకాలుంటాయి. ఒకటి వెనక అంచు పొడుగునా చిన్న చిన్న క్లిప్పులు గోడకి కొట్టి, ముందు నుంచి ఏటవాలుగా ఊతకడ్డీలు ఇచ్చేది. చవకే గానీ గోడంతా చిల్లులే, ఒకసారి బిగించాక ఎత్తు మార్చాలంటే మళ్ళీ మొదటికొస్తుంది. రెండోది పైన అడ్డంగా ఒక పట్టీ బిగించి, దానికి నిలువు పట్టీలు వేలాడదీసి, వాటి రంధ్రాల్లో బ్రాకెట్లు గుచ్చేది. నేను తీసుకున్నది ఇదే, నా ఓటు కూడా దీనికే. ఎందుకంటే పైన ఆ ఒక్క అడ్డపట్టీ మట్టంగా కూర్చుంటే చాలు, నిలువు పట్టీలు వాటి బరువుకి అవే నిటారుగా వేలాడతాయి, అక్కడే స్క్రూలు బిగించెయ్యడమే, ప్రతి షెల్ఫుకీ విడిగా కొలతలు తియ్యక్కర్లేదు.

ఇక్కడో మాట, గ్యారేజ్ నేలకి మామూలుగా నీళ్ళు బయటికి పోవడానికి వాటం ఇస్తారు కదా, అందుకని టేపు పెట్టి నేల నుంచి రెండు చివర్లా ఒకే ఎత్తు కొలిచి గీత గీశారో షెల్ఫు కూడా ఆ వాటంలోనే వస్తుంది, గుండ్రటి డబ్బాలు తలుపు వైపు దొర్లుతాయి. నేలని నమ్మొద్దు, రసమట్టం పెట్టి చూసే గీత గీయండి.

ఇప్పుడు అసలు కోపం దగ్గరికొద్దాం. డబ్బాలో ఇచ్చిన స్క్రూలు, ప్లగ్గులు (స్క్రూకి పట్టు దొరకడానికి గోడ కన్నంలో దించే ప్లాస్టిక్ గొట్టాలు). చూడగానే తెలిసిపోతుంది అవి జిప్సం బోర్డుకి వేసే పొట్టి ప్లగ్గులు. నా గోడేమో ఇటుక, పైన ప్లాస్టరింగ్. ప్లాస్టరింగ్ మందమే 12 నుంచి 15 మిల్లీమీటర్లుంటుంది, ఆ పొట్టి ప్లగ్గులో సగం పైనే అందులో ఉండిపోతుంది, ఇటుకని పట్టుకునేది ఏ కాస్తో. ఆ పట్టు మీద బరువు పెడితే ఏదో ఒక రోజు ప్లాస్టరింగ్ పెచ్చుతో సహా ఊడొచ్చేస్తుంది. సూచనల కాగితం మీద బొమ్మలే బొమ్మలు, ఏ గోడకి ఏ ప్లగ్గు అన్నది మాత్రం ఎక్కడా లేదు. ఆ ప్యాకెట్ పక్కన పెట్టి పొడుగు ప్లగ్గులు, వాటికి సరిపడా స్క్రూలు విడిగా తెచ్చి, హ్యామర్ డ్రిల్‌తో 8 మిల్లీమీటర్ల బిట్ వేసి కొట్టించా. కన్నం కొట్టాక లోపల పొడి ఊదేసి అప్పుడు ప్లగ్గు దించాలి, పొడి ఉండిపోతే ప్లగ్గు లోపలికంటా వెళ్ళదు, స్క్రూతో పాటు గిర్రున తిరుగుతుంది. ఇటుకకీ ఇటుకకీ మధ్య సిమెంటు సందులో కన్నం పడితే కొంచెం జరిపి ఇటుకలోనే వేయడం మేలు. చెక్క ఫ్రేమ్ మీద బోర్డు కొట్టిన గోడలైతే ఈ గొడవ లేదు, లోపల నిలువు చెక్కలు మామూలుగా 16 లేదా 24 అంగుళాలకొకటి ఉంటాయి, వాటిని పట్టుకుని నేరుగా చెక్కలోకే స్క్రూ దించెయ్యాలి, ఒట్టి బోర్డుకి బిగిస్తే మాత్రం నిలవదు.

డబ్బా మీద ఇన్ని కిలోలు మోస్తుందని పెద్ద అక్షరాల్లో వేస్తారు చూడండి, అది బరువు షెల్ఫంతా సమానంగా సర్దితే మాట, అది కూడా గోడ పట్టు గట్టిగా ఉంటేనే. అదే బరువు ముందు అంచున పెడితే పై స్క్రూని బయటికి లాగే బలం బాగా పెరుగుతుంది. అందుకే బరువైనవి గోడకి ఆనించి పెట్టాలి. 20 లీటర్ల పెయింట్ డబ్బా అంటే 20 కిలోలే కదా అనుకుంటారు, పెయింట్ నీళ్ళకన్నా చిక్కన, నిండు డబ్బా పాతిక కిలోలు దాటేస్తుంది. అలాంటివి నేల మీదే ఉంచా. పైగా తీగల మధ్య అన్నీ సందులే కాబట్టి పైన ఆయిల్ డబ్బా కారిందంటే కింద ఉన్నవన్నీ దాంతో తడిసి ముద్దవుతాయి, కారే రకం సరుకంతా అడుగు షెల్ఫులో ఒక ట్రే వేసి పెట్టడం మంచిది.

ఆ సందుల వల్ల లాభం కూడా ఉందిలెండి. దుమ్ము పేరుకోదు, గాలి ఆడుతుంది, తడి బూట్లు, తడి తాళ్ళు పెట్టినా ఆరిపోతాయి, కింద నుంచి తలెత్తి చూస్తే పై షెల్ఫులో ఏముందో కనపడుతుంది. కానీ చిన్న సీసాలు, స్ప్రే డబ్బాలు నిలబడి చావవు, అడుగు సందులో పడి ఒక పక్కకి ఒరుగుతాయి. దీనికి ప్లాస్టిక్ షీటు ముక్క కోసి పరిస్తే సరిపోతుంది, మేకులు స్క్రూలూ ఎలాగూ మూత డబ్బాల్లోనే ఉండాలి.

పొడుగు తగ్గించడానికి హ్యాక్సా బ్లేడుతో కోస్తే తేలిగ్గానే తెగింది. తెగిన చోట తెల్లటి పూత పోయి ఇనుము బయటపడుతుంది, గ్యారేజ్ తేమకి తుప్పు మొదలయ్యేది అక్కడే. ఆకురాయితో అంచు రుద్ది, కాస్త పెయింట్ తాకించి, పైన ప్లాస్టిక్ టోపీలు తొడగాలి. ఈ టోపీలు మాత్రం సెట్‌లో సరిపడా ఇచ్చారు, మెచ్చుకోవాలి. తొడక్కపోతే ఆ కొసలు సరిగ్గా మోచెయ్యి గీరుకునే ఎత్తులో ఉంటాయి.

ఎక్కడ బిగించాలో తేల్చుకునే ముందు కారు లోపల పెట్టి, తలుపులన్నీ బార్లా తెరిచి, గ్యారేజ్ షట్టర్ కూడా పైకెత్తి చూడండి. 16 అంగుళాల లోతు కాగితం మీద చిన్నగానే అనిపిస్తుంది, కారు దిగేటప్పుడు తెలుస్తుంది ఎంతో. కారు పక్క గోడకైతే 12 అంగుళాలది చాలు.

నా లెక్కలో 5కి 4 స్టార్లు, పోయిన స్టారు ఆ ప్యాకెట్‌దే. ఇంకోటి, అదనపు బ్రాకెట్లు విడిగా అమ్ముతారా అని కొనేముందే అడగండి. నిలువు పట్టీల్లో రంధ్రాల సైజు, వాటి మధ్య దూరం అన్ని కంపెనీలకీ ఒకేలా ఉండవు, ఒకళ్ళ బ్రాకెట్ ఇంకొకళ్ళ పట్టీలో కూర్చోకపోవచ్చు.