విషాద సారంగధర అని టికెట్ అమ్మి, కాళ్లూ చేతులూ మొలిపించేశారు

మొన్న శనివారం మా రాజమండ్రిలో విషాద సారంగధర నాటకం వేశారు. పొరుగూరి సమాజం, పేరు రాయను, ఎందుకంటే వాళ్లలో ఇద్దరు ముగ్గురు నిజంగా బాగా చేశారు, వాళ్ల నోటిదగ్గర కూడు నేను లాగడం బాగోదు. టికెట్ రెండొందలు. ఆరున్నరకి అన్నారు, తెర లేచేసరికి ఏడుంపావు. నాటకాలకి ఇది మామూలే కాబట్టి దానికి మార్కులు కొయ్యను.

ముందు బాగున్నవి చెప్తా. హార్మోనియం మేష్టారికి డెబ్బై దాటి ఉంటాయి, నటులు శ్రుతి తప్పినప్పుడల్లా చెయ్యి పట్టుకుని రోడ్డు దాటించినట్టు మళ్లీ దారిలో పెట్టారు. చిత్రాంగి వేసినావిడ ఇంకా గొప్ప. ఆ పాత్రని వట్టి పాపిష్టి సవతి తల్లిలా అరుస్తూ లాక్కెళ్లిపోవచ్చు, చాలామంది చేసేది అదే. ఈవిడ మాత్రం సారంగధరుడు పావురం కోసం మేడలోకి వచ్చినప్పుడు ఒక్క క్షణం మాట మర్చిపోయినట్టు నిలబడిపోయింది, హాల్లో అంతవరకూ పల్లీలు నములుతున్నవాళ్లు కూడా ఆపేశారు. (ఆ పావురం తీగ మీద సగం దూరం వచ్చి ఇరుక్కుపోయింది, అది వేరే సంగతి. కుర్రాడు పాపం దాన్ని చూడనట్టే మేడ ఎక్కేశాడు.)

రాజరాజ నరేంద్రుడు మాత్రం పద్యం అందుకుంటే వదలడు. ఒక్కో పాదం చివర రాగం తీస్తూనే ఉన్నాడు, మా బాబాయి ఈలోపు వెళ్లి టీ తాగి వచ్చాడు. చిత్రాంగి వేసిన నింద నమ్మి కొడుకు సారంగధరుడి కాళ్లూ చేతులూ నరకమని ఆజ్ఞ ఇచ్చే పద్యానికి వెనకెవరో వన్స్‌మోర్ అన్నారు, ఆయన మహదానందంగా మళ్లీ పాడాడు! ఒకే కొడుక్కి ఒకే శిక్ష రెండుసార్లు. అసలు చరిత్రలో ఆ రాజుగారి కొడుకు కులోత్తుంగ చోళుడు కాళ్లూ చేతులూ సలక్షణంగా ఉండి చోళరాజ్యం ఏలాడు, సారంగధరుడిది వట్టి కథ. అయినా ఊళ్లో సారంగధర మెట్ట ఉన్నవాళ్లం కదా, మాకు ఆ కథ మీద కాస్త సొంత హక్కు ఉన్నట్టు ఉంటుంది.

ఇప్పుడు అసలు గొడవ. చివర్లో కుర్రాణ్ణి అడవిలో పడేశారు, అతను పాడిన పద్యానికి నా పక్కనున్న పెద్దావిడ కళ్లొత్తుకుంది, ఇక తెర పడుతుంది అనుకుంటుండగా బుస్సుమని పొగ. పొగలోంచి సిద్ధుడు, అంటే మహిమలున్న యోగి. మంత్రం వేశాడు, కాళ్లొచ్చాయి, చేతులొచ్చాయి, అందరూ వరసగా నిలబడి మంగళం పాడేశారు.

జనం నోట్లో ఉన్న కథలో సిద్ధుడు ఉన్నాడు, కాదనను. కానీ ధర్మవరం రామకృష్ణమాచార్యులు గారి నాటకం ప్రత్యేకతే అది విషాదంగా ముగియడం, పేరులోనే పెట్టారు కదా ఆయన! తెలుగులో మొదటి విషాదాంత నాటకం అని దీన్ని చెప్పుకుంటారు. సంస్కృత నాటకాల లెక్క ప్రకారం చివరికి అంతా శుభం కావాలి, ఆ లెక్కని కాదనడానికి ఆ రోజుల్లో ఎంత తెగువ కావాలో ఆలోచించండి. ఆయనేమీ కూర్చుని రాసి పక్కన పెట్టినవాడు కాదు. బళ్లారిలో వకీలు. 1886లో సరస వినోదిని సభ అని నాటక సమాజం పెట్టి, మరుసటేడు చిత్రనళీయం నాటకం వేయించి, తనే రాసి, తనే నేర్పి, తనే వేషం కట్టినవారు. అంకాలని రంగాలుగా విడగొట్టడం, పాత్రల చేత పాటలు పాడించడం ఆయన బాగా అలవాటు చేసినవే, 30 దాకా నాటకాలు రాశారు, ఆంధ్ర నాటక పితామహుడు అన్నారు. 1891లో ఆ సభవాళ్లు మద్రాసు వెళ్లి నాటకాలు వేస్తే అవి చూసి తమిళ నాటకకర్త పమ్మల్ సంబంధ మొదలియార్ గారు అక్కడ సుగుణ విలాస సభ అనే నాటక సమాజం మొదలుపెట్టారు, అంటే తమిళ నాటకానికి కూడా మన బళ్లారి గాలి తగిలింది. నటుడు బళ్లారి రాఘవ ఈయన మేనల్లుడే.

పాటలూ పద్యాలూ ఎక్కువ పెట్టి మన నటులకి ఈ సాగదీసే జబ్బు అంటించింది కూడా కొంత ఆయనే అని నా అనుమానం, మా బాబాయి ఒప్పుకోడు.

నాటకం అయ్యాక బాబాయి ఆగలేక స్టేజి వెనక్కి వెళ్లి కాంట్రాక్టరుని పట్టుకున్నాడు. "ఏవండీ, ఆ సిద్ధుణ్ణి ఎక్కణ్ణుంచి తెచ్చారండీ?" అంటే, "శుభమా అని జనం డబ్బులిచ్చి వచ్చారు, ఏడుస్తూ ఇంటికి పంపిస్తే మళ్లీ వస్తారా చెప్పండి" అన్నాడాయన. "నూట పాతికేళ్ల కిందట ఏడ్చి కూడా మళ్లీ వచ్చారు కదయ్యా" అన్నాడు బాబాయి. ఆయన మొహం తుడుచుకుంటూ నవ్వాడు, రంగు సగం టవలుకి సగం చెవులకి.

అయిదుకి మూడు. హార్మోనియానికి ఒకటి, చిత్రాంగికి రెండు. హాల్లో ముందు వరసలు వద్దు, మైకు కీచుమంటుంది, మధ్యలో కూర్చోండి. మళ్లీ వచ్చే నెల వేస్తారట, నేను వెళ్తాను. మీరూ వెళ్తే పొగ మొదలవగానే లేచి వచ్చేయండి, స్కూటర్ల దగ్గర తోపులాట కూడా ఉండదు.