ఎఫావిరెంజ్, డోలుటెగ్రావిర్: హెచ్‌ఐవీకి ఏ గోలి మేలు?

ఏళ్ల తరబడి రాత్రి పడుకోబోయే ముందు ఒకే గోలి వేసుకోవడానికి అలవాటుపడిన వారికి, ఏఆర్‌టీ (హెచ్‌ఐవీ మందులిచ్చే) కేంద్రంలో దాన్ని మార్చి మరొకటి చేతిలో పెడితే అనుమానం రావడం సహజం. వైరల్ లోడ్ (రక్తంలో వైరస్ పరిమాణం) అదుపులోనే ఉన్నప్పుడు మార్చడం దేనికని నల్గొండలోనైనా, మహబూబ్‌నగర్‌లోనైనా అడిగేవారు ఉంటారు. నిజానికి మారింది ఆ గోలిలోని మూడు మందుల్లో ఒక్కటే. టెనోఫోవిర్, లామివుడిన్ పాతదానిలోనూ కొత్తదానిలోనూ ఉన్నాయి. ఎఫావిరెంజ్ ఉన్న చోట 50 మిల్లీగ్రాముల డోలుటెగ్రావిర్ వచ్చింది. కనుక తూచవలసింది ఈ రెండింటినే.

హెచ్‌ఐవీ తన జన్యు సమాచారాన్ని ఆర్‌ఎన్‌ఏ రూపంలో మోసుకొస్తుంది. అది రోగనిరోధక శక్తినిచ్చే సీడీ4 అనే తెల్ల రక్తకణంలోకి చేరాక రివర్స్ ట్రాన్‌స్క్రిప్టేజ్ అనే ఎంజైము ఆ ఆర్‌ఎన్‌ఏను డీఎన్‌ఏగా మారుస్తుంది; తరువాత ఇంటిగ్రేజ్ అనే మరో ఎంజైము ఆ డీఎన్‌ఏను మన కణపు డీఎన్‌ఏలో అతికిస్తుంది. ఒకసారి అతుకు పడితే ఆ కణం ఉన్నంతకాలం వైరస్ నకలు అందులోనే ఉండిపోతుంది, అందుకే మందును జీవితాంతం వాడవలసి వస్తుంది. ఎఫావిరెంజ్ మొదటి ఎంజైముకు అడ్డుపడుతుంది. డోలుటెగ్రావిర్ రెండవ దశలో, ఇంటిగ్రేజ్ పనిచేసే చోట ఉండే మెగ్నీషియం అయాన్లను పట్టుకుని, అతుకు పడకుండా ఆపుతుంది.

వైరస్ మందుకు లొంగకుండా పోయే తీరులోనే అసలు తేడా ఉంది. రివర్స్ ట్రాన్‌స్క్రిప్టేజ్‌లో కె103ఎన్ అనే ఒక్క మార్పు వచ్చినా ఎఫావిరెంజ్ దాదాపు నిరుపయోగమవుతుంది. డోలుటెగ్రావిర్‌ను ఓడించడం వైరస్‌కు అంత సులువు కాదు. పాలమూరు నుంచి ముంబయికో పుణేకో కూలికి వెళ్లి, గోలీలు అయిపోయి, కేంద్రానికి తిరిగి వచ్చేలోగా కొన్ని రోజులు వదిలేసే మనిషికి ఈ తేడా చాలా పెద్దది. మందు మానవచ్చని దీని అర్థం కాదు. ఏఆర్‌టీ పుస్తకం వెంట ఉంచుకుంటే వెళ్లిన ఊరి కేంద్రంలోనూ మందు అడగవచ్చు.

2013లో వెలువడిన ఒక పరీక్షలో, 48 వారాల తరువాత వైరస్ అదుపులో ఉన్నవారు డోలుటెగ్రావిర్ వర్గంలో 88 శాతం, ఎఫావిరెంజ్ వర్గంలో 81 శాతం. ఈ రెండు వర్గాల్లో తోడు మందులు ఒకటి కావు కాబట్టి అంకెలను కాస్త జాగ్రత్తగా చదవాలి. అయినా దుష్ప్రభావాల వల్ల మందు మానుకున్నవారు డోలుటెగ్రావిర్ వర్గంలో 2 శాతం, ఎఫావిరెంజ్ వర్గంలో 10 శాతం ఉండటం గమనించదగింది. ఎఫావిరెంజ్ తలతిరుగుడు, వింత కలలు, కొందరిలో దిగులు తెస్తుంది. పగలు మత్తు ఉండకూడదని దాన్ని రాత్రి వేసుకోమంటారు. మరి 65వ నంబరు జాతీయ రహదారి మీద రాత్రంతా లారీ నడిపే డ్రైవరు ఎప్పుడు వేసుకోవాలి? డోలుటెగ్రావిర్‌ను ఏ పూటైనా, తిన్నా తినకపోయినా వేసుకోవచ్చు. నిద్ర పట్టని వారు ఉదయానికి మార్చుకుంటే సరిపోతుంది.

కొత్త మందుకూ చిక్కులు లేకపోలేదు. మెగ్నీషియం వంటి లోహాలను పట్టుకునే గుణమే కడుపులో దానికి అడ్డవుతుంది: మెగ్నీషియం, అల్యూమినియం ఉన్న గ్యాస్ మందులు, క్యాల్షియం, ఐరన్ గోలీలతో కలిస్తే అది ఒంటికి సరిగా పట్టదు. ఫ్లోరైడ్ నీటితో కీళ్లనొప్పులు పడ్డ నల్గొండ పల్లెల్లో క్యాల్షియం గోలీలు, గర్భిణులకు ఐరన్ గోలీలు మామూలే కనుక ఈ సంగతి డాక్టరు అడగకపోయినా చెప్పాలి. డోలుటెగ్రావిర్‌ను వీటికి 2 గంటల ముందు గానీ 6 గంటల తరువాత గానీ వేసుకోవాలి. క్యాల్షియం, ఐరన్ అయితే అన్నంతో కలిపి ఒకేసారి వేసుకున్నా ఫరవాలేదు. షుగర్‌కు వాడే మెట్‌ఫార్మిన్ మోతాదు రక్తంలో పెరుగుతుంది కాబట్టి దాన్ని సాధారణంగా రోజుకు 1000 మిల్లీగ్రాములు దాటనివ్వరు. బరువు పెరగడం కూడా నిజమే, ముఖ్యంగా మహిళల్లో. గర్భిణులు వాడితే బిడ్డకు వెన్నుపాము, మెదడు లోపాలు రావచ్చని 2018లో ఆఫ్రికా దేశమైన బోట్స్వానా నుంచి వచ్చిన ఆందోళన తదుపరి లెక్కల్లో తగ్గిపోయింది; 2019లో ప్రపంచ ఆరోగ్య సంస్థ గర్భిణులకు కూడా దీన్నే సిఫారసు చేసింది.

ఎఫావిరెంజ్ సులువుగా నెగ్గే చోటు ఒకటుంది, అది టీబీ. టీబీ మందు రిఫాంపిసిన్ వాడుతున్నా ఎఫావిరెంజ్ మోతాదు మార్చనక్కరలేదు. డోలుటెగ్రావిర్ అయితే 12 గంటల తేడాతో రోజుకు రెండుసార్లు కావాలి, టీబీ కోర్సు ముగిశాక మరో రెండు వారాల వరకూ. రెండో గోలి మరవకుండా గుర్తుచేసే మనిషి ఇంట్లో ఉంటే నేను అప్పుడు కూడా డోలుటెగ్రావిర్ వైపే మొగ్గుతాను. కొత్తగా చికిత్స మొదలుపెట్టే వారికైతే రెండో ఆలోచన అక్కరలేదు. ఎఫావిరెంజ్ ఒంటికి పడి, వైరల్ లోడ్ కనిపించని స్థాయిలో ఉన్న పాత రోగికి మార్పు వల్ల వెంటనే తెలిసే లాభం తక్కువే కావచ్చు. అటువంటి వారు మారే ముందు తాము వాడుతున్న షుగర్, క్యాల్షియం, గ్యాస్ గోలీలన్నిటినీ సంచిలో వేసుకొని వెళ్లి డాక్టరుకు చూపించడం మంచిది.