శతవర్ష యుద్ధాన్ని ఎవరి రాతల్లో చదవడం మేలు: ఫ్రువాసార్, వెనెట్, పారిస్ దినచర్య

ఇంగ్లండుకూ ఫ్రాన్సుకూ మధ్య సాగిన శతవర్ష యుద్ధం గురించి ఆధునిక చరిత్రకారుల పుస్తకాలు ఒకటి రెండు చదివినవారు ఆ తరువాత తరచుగా అడిగే ప్రశ్న ఒకటే. ఆ కాలంలోనే బతికి, చూసి, విని రాసినవారిలో ముందుగా ఎవరిని చదవాలి? అందరూ చెప్పే పేరు జాన్ ఫ్రువాసార్‌ది. ఆయన గొప్ప రచయిత అనడంలో నాకు ఏ సందేహమూ లేదు. అయినా, యుద్ధం సమాజాన్ని ఎలా మార్చిందో తెలుసుకోదలచిన పాఠకుడికి మొదటి పుస్తకంగా ఆయనను సూచించను.

ఈ ఎంపికలో నేను వాడే కొలత ఇది. 1337 నుంచి 1453 వరకు సాగిన ఈ యుద్ధంలో క్రెసీ, ప్వాటియే, అజిన్‌కోర్ట్ వంటి పేరు మోసిన పోరాటాలు ఒక్కొక్కటి ఒక్క రోజులో ముగిసినవే. మిగిలిన కాలమంతా ముట్టడులతో, సంధులతో, పల్లెలను తగలబెడుతూ సాగే దండయాత్రలతో, జీతం ఆగిపోయిన సైనికుల దోపిడీలతో, ఏటేటా పెరిగే పన్నులతో గడిచింది. ప్వాటియేలో 1356లో ఇంగ్లీషువారికి పట్టుబడిన ఫ్రాన్సు రాజు రెండవ జాన్ విడుదలకు 1360 నాటి బ్రెతీనీ సంధిలో 30 లక్షల ఎక్యూలు (బంగారు నాణేలు) ఒప్పుకోవలసి వచ్చినప్పుడు, ఆ సొమ్ము కోసం సరుకుల అమ్మకాల మీదా, ద్రాక్షసారా మీదా, ఉప్పు మీదా వేసిన పన్నులు రాజు చనిపోయాక కూడా పోలేదు. ఇంగ్లండులో 1377 నుంచి 1380 లోపు మూడుసార్లు వేసిన తలపన్ను 1381 రైతు తిరుగుబాటుకు దారి తీసింది. ఫ్రాన్సులో ఏడవ చార్లెస్ 1445లో ఏర్పరచిన స్థిర సైన్యానికీ, దాన్ని పోషించిన శాశ్వత పన్నుకూ మూలం ఆ దోపిడీ ముఠాల బెడదే. కాబట్టి పోరు లేని రోజుల్లో ఏం జరిగిందో ఎవరు బాగా చెప్పారన్నదే నా దృష్టిలో నిర్ణాయకమైన విషయం.

ఫ్రువాసార్ ఎనో ప్రాంతపు (నేటి ఫ్రాన్సు, బెల్జియం సరిహద్దు ప్రాంతం) వలాన్సియెన్‌లో, యుద్ధం మొదలైన రోజుల్లోనే పుట్టాడు. ఇంగ్లండు రాణి ఫిలిపా కొలువులో చేరి, ఆమె 1369లో మరణించాక పలువురు ప్రభువుల ఆదరణలో రాస్తూ పోయాడు. నాలుగు పుస్తకాలుగా ఆయన రాసిన చరిత్ర మహాగ్రంథం దాదాపు 1325 నుంచి 1400 వరకు నడుస్తుంది. మొదటి పుస్తకంలోని తొలి భాగాన్ని లియేజ్ నగరానికి చెందిన జాన్ ల బెల్ రాతల నుంచి విస్తారంగా తీసుకున్నాడు. శౌర్య కార్యాలు మరుగున పడకుండా నిలపడమే తన లక్ష్యమని ఆయనే చెప్పుకున్నాడు గనుక, చూపంతా గుర్రమెక్కినవారి మీదనే నిలవడంలో ఆశ్చర్యం లేదు. అంకెల విషయంలో ఆయనను నమ్మడం కష్టం. 1370లో ఇంగ్లండు యువరాజు ఎడ్వర్డ్ లిమోజ్ నగరాన్ని పట్టుకున్నప్పుడు 3,000 మందికి పైగా నరికివేతకు గురయ్యారని ఫ్రువాసార్ రాస్తే, ఆ ఊరి సెయింట్ మార్షల్ మఠంలోని రాత 300కు కొంచెం పైచిలుకు మాత్రమే చెబుతుంది. 1358లో పారిస్ ఉత్తర ప్రాంతాల్లో చెలరేగిన జాక్రీ రైతు తిరుగుబాటు గురించి ఆయన చెప్పే భయంకర కథలు చాలావరకు ల బెల్ నుంచి వచ్చినవే. రైతులు ఎందుకు తిరగబడ్డారన్న ప్రశ్నను ఆయన దాదాపుగా పట్టించుకోలేదు.

అయితే ఇదే రచయిత మూడవ పుస్తకంలో మరో మనిషిలా కనిపిస్తాడు. 1388లో ఆయన నైరుతి ఫ్రాన్సులోని బేయార్న్‌కు ప్రయాణమై, ఫ్వా ప్రభువు గాస్తోన్ ఫేబ్యూస్ కొలువున్న ఓర్తెజ్‌కు చేరాడు. అక్కడి సత్రంలో బాస్కో ద మోలేయోన్ అనే కిరాయి సైనికుడు పరిచయమై తన జీవిత కథ చెప్పాడు. నీళ్లకు వచ్చిన ఆడవాళ్లలా కడవలు పట్టుకొని, ముసుగులు వేసుకొని తన మనుషులతో తూరీ కోటలోకి ఎలా దూరాడో, దోపిడీ వల్లా, ఊళ్లు కట్టే రక్షణ కప్పాల వల్లా ఆ ఒక్క కోట తనకు లక్ష ఫ్రాంకుల దాకా ఎలా సంపాదించి పెట్టిందో ఆ మనిషి ఏ సంకోచమూ లేకుండా వివరిస్తాడు. యుద్ధం ఒక వృత్తిగా, వ్యాపారంగా ఎలా స్థిరపడిందో చూపడంలో ఈ పేజీలకు సాటి వచ్చే రాత నేను చదవలేదు. 1381 తిరుగుబాటును రాసేటప్పుడు కూడా తిరుగుబాటుదారులను ప్రసంగాలతో కదిలించిన జాన్ బాల్‌ను పిచ్చి పూజారి అంటూనే, ప్రభువులు మఖమలు కడితే మనం ముతక గుడ్డ కట్టాలా అని నిలదీసిన అతని ప్రసంగాన్ని పూర్తిగా వినిపించాడు. తనకు నచ్చని మాటను కూడా అందంగా రాయగలగడం ఫ్రువాసార్ గొప్పతనం.

ఇక నా మనసు మొగ్గేది జాన్ ద వెనెట్ పేరుతో చెలామణి అవుతున్న లాటిన్ చరిత్ర వైపు. 1340 నుంచి 1368 వరకు సాగే ఈ రచన నిడివిలో ఫ్రువాసార్ ముందు ఎంతో చిన్నది. కర్త పారిస్‌లో ఉన్న, కార్మెలైట్ అనే క్రైస్తవ సంఘానికి చెందిన సన్యాసి అని సంప్రదాయంగా చెబుతారు. కాంపియేన్ దగ్గరి వెనెట్ గ్రామంలో తాను పుట్టానని, ఆ ఊరు కూడా చుట్టుపక్కల ఊళ్లతో పాటు తగలబడిందని దుఃఖంతో రాసుకున్నాడు. ప్వాటియే ఓటమి తరువాతి సంవత్సరాల్లో పల్లెజనం చర్చీలను కోటలుగా మార్చుకోవడం, దూరాన శత్రువు కనపడగానే గంట మోగించడానికి పిల్లలను గోపురాల మీద కాపలా పెట్టడం, లోయిర్ తీరవాసులు రాత్రిపూట పడవల్లోనూ నది మధ్య లంకల్లోనూ పశువులతో సహా తలదాచుకోవడం ఆయన రాతలోనే కళ్లకు కడతాయి. ద్రాక్షతోటలకు కత్తిరింపు లేదు, పొలాలకు దున్నకం లేదు, విత్తు లేదు అని ఆయన చెప్పినప్పుడు, ఆ తరువాత వచ్చే కరువును వేరే వివరించనక్కరలేదు.

అన్నిటికన్నా ముఖ్యంగా, రక్షించవలసిన ప్రభువులే రక్షించలేదన్న ఆరోపణను ఆయన సూటిగా చేస్తాడు. జాక్రీ తిరుగుబాటుదారుల హింసను ఖండిస్తాడు, కానీ ముందుగా వారి కష్టాన్ని చెప్పి ఆ తరువాతే ఖండిస్తాడు. 1359లో లాంగ్వేయ్ గ్రామస్థులు మఠానికి చెందిన ఒక భవంతిలో చేరి, గియోమ్ లాలూ నాయకత్వంలో ఇంగ్లీషు దండును ఎదిరించిన ఘట్టాన్ని ఆయన ఎంతో ఇష్టంగా విస్తరించాడు. నాయకుడు కూలిపోయాక గ్రాన్ ఫెరే అనే భారీకాయుడు గొడ్డలి పట్టి శత్రువులను తరిమివేస్తాడు, తరువాత చన్నీళ్లు తాగి జ్వరంతో పడకెక్కి, పట్టుకోవడానికి ఇంటికి వచ్చినవారిలో ఐదుగురిని చంపి, మళ్లీ మంచం ఎక్కి చనిపోతాడు. ఇందులో జానపద వీరగాథ ఛాయలు ఉన్నాయని ఒప్పుకోవాలి. కానీ ఆ రైతులు తమకు చిక్కినవారిని ప్రభువుల్లా సొమ్ము పుచ్చుకొని వదలలేదని, మళ్లీ వచ్చి హాని చేయకూడదనే చంపారని రాసిన వాక్యంలో ఆ యుద్ధపు ఆర్థిక వ్యవస్థంతా ఇమిడి ఉంది. బందీని విడిపించుకొనే వ్యాపారంలో లాభం పైవారిది, నష్టం పొలంలో ఉన్నవారిది.

వెనెట్‌కు లోపాలు లేకపోలేదు. తోకచుక్కలకు, శకునాలకు పెద్ద పీట వేస్తాడు. 1348 ప్లేగు మహామారి తరువాత పుట్టిన పిల్లలకు పళ్లు తక్కువగా వచ్చాయని నమ్మి రాస్తాడు. దక్షిణాన గాస్కనీలో ఏం జరిగిందో ఆయనకు అంతగా పట్టదు. 1368తో ఆగిపోతాడు గనుక యుద్ధపు రెండవ సగానికి ఆయన పనికిరాడు.

ఆ రెండవ సగానికి ఒక అజ్ఞాత పారిస్ వాసి 1405 నుంచి 1449 వరకు రాసిన దినచర్య ఉంది. రొట్టె ధర, కట్టెల ధర, చలి, తోడేళ్లు నగరంలోకి రావడం, 1420 చివరి చలికాలంలో చెత్తకుప్పల మీద పిల్లలు ఆకలితో ఏడవడం, ఇవన్నీ దగ్గర నుంచి చూసినవాడి రాతలు. ఫ్రాన్సులో అప్పుడు పరస్పరం పోరాడిన బర్గండీ, ఆర్మన్యాక్ వర్గాల్లో బర్గండీ పట్ల అతని పక్షపాతం మాత్రం తీవ్రంగా ఉంటుంది. ఆర్మన్యాక్ వర్గం మీద అతని ద్వేషాన్ని ప్రతి పేజీలోనూ తీసివేసి చదవాలి, ఏడవ చార్లెస్ పక్షాన పోరాడిన యువతి జోన్ ఆఫ్ ఆర్క్ మీద రాసిన మాటలను కూడా అలాగే చదవాలి. నగర ప్రాకారం దాటితే అతనికి తెలిసింది తక్కువే.

ఫ్రువాసార్ తరువాత కథను 1400 నుంచి అందుకున్న మోన్‌స్ట్రెలే అనే చరిత్రకారుడు తన రచనలో నాటి పత్రాలను శ్రద్ధగా చేర్చాడు, కానీ శైలి పొడిగా ఉంటుంది. అవసరమైనప్పుడు తెరిచి చూసుకుంటే చాలు.

ఫ్రువాసార్, వెనెట్, పారిస్ దినచర్య రచయిత ముగ్గురూ ఇంగ్లీషు అనువాదంలో దొరుకుతారు. ముందు వెనెట్‌ను మొత్తంగా, ఆ వెంటనే ఫ్రువాసార్ మూడవ పుస్తకంలోని ఓర్తెజ్ ప్రయాణాన్ని చదివితే, దోపిడీకి గురైనవారి మాటా దోచుకున్నవాడి మాటా పక్కపక్కనే వినబడతాయి. క్రెసీ, ప్వాటియే వర్ణనలు ఆ తరువాత చదివినా వాటి రుచి తగ్గదు. కేవలం జోన్ కోసమే ఈ కాలంలోకి వచ్చేవారికి వీరెవరూ అవసరం లేదు. వారు 1431 నాటి విచారణ పత్రాలనూ, ఆ తీర్పును 1456లో రద్దు చేసిన విచారణలో ఆమె ఊరివాళ్లు ఇచ్చిన సాక్ష్యాలనూ నేరుగా చదవాలి.