ఐఎస్ 732: అయిదేళ్లు వాడాక

ఇళ్లకు, షాపులకు వైరింగ్ చేసేవాళ్లు ఏ పుస్తకం కొనాలని అడిగితే నేను చెప్పేది ఒకటే: బీఐఎస్ (భారతీయ ప్రమాణాల సంస్థ) వాళ్ల వైరింగ్ నియమాల పుస్తకం ఐఎస్ 732, అదీ 2019 నాటిది. అయిదేళ్లుగా నా బ్యాగులో మెగ్గర్ (వైరు ఇన్సులేషన్, అంటే పై తొడుగు, బాగుందో లేదో చూసే మీటరు) పక్కనే ఉంటోంది.

అంతకుముందు ఐటీఐ రోజుల గైడుతోనే నెట్టుకొచ్చాను. వైరు సైజు చదరపు మిల్లీమీటర్లలో లైట్లకు 1.5, ప్లగ్గులకు 2.5, పెద్ద ఏసీకి 4 అని అందులో ఉండేది. పరీక్షకు అది చాలు, పనికి చాలదు. ఖమ్మంలో ఒక చిన్న లాడ్జికి మేడ మీదుగా ఒకే పైపులో మూడు 2.5 సర్క్యూట్లు లాగాను. ఒక్కోదాని మీద రెండేసి ఏసీలు. రెండో వేసవిలో ఫోన్ వచ్చింది. వెళ్లి వైరు బయటికి లాగితే ఇన్సులేషన్ అప్పడంలా పెళపెళా విరిగింది. వైరు మంచి కంపెనీదే. 16 ఆంపియర్ల ఎంసీబీ (లోడు ఎక్కువైతే దానంతటదే పడిపోయి కరెంటు ఆపే స్విచ్) ఒక్కసారి కూడా పడలేదు. మరి తప్పెక్కడ జరిగింది?

దానికి జవాబు ఐఎస్ 732 పట్టికల్లో దొరికింది. పైపులో 2.5 రాగి వైరు 24 ఆంపియర్లు మోస్తుందన్న లెక్క 30 డిగ్రీల వేడికి, పైపులో ఒక్క సర్క్యూట్ ఉన్నప్పటికి. మూడు సర్క్యూట్లు కలిస్తే 0.7తో గుణించాలి. 45 డిగ్రీలుంటే మళ్లీ 0.79తో. మిగిలేది 13 ఆంపియర్లే! మే నెల ఎండలో మేడ మీది పైపులో ఇంకా తక్కువ. ఏసీలు లాగుతున్నదేమో 15. గైడు కొనేముందు ఈ రెండు పట్టికలు ఉన్నాయో లేదో చూడండి. లేకపోతే అక్కడే పెట్టేయండి.

నాకు బాగా పనికొచ్చిన మరో భాగం టెస్టింగ్. కరెంటు ఇవ్వకముందే ముందు ఎర్త్ కంటిన్యుటీ (ఎర్త్ వైరు ఎక్కడా తెగకుండా ఉందా అని), తర్వాత 500 వోల్టుల మెగ్గర్‌తో ఇన్సులేషన్. కనీసం 1 మెగాఓమ్ రావాలి. ఈ వరుస తప్పకుండా పాటించడం మొదలుపెట్టాక, ఇల్లు అప్పగించిన రోజు రాత్రి నాకు టెన్షన్ లేకుండా నిద్ర పడుతోంది.

లోపాలూ ఉన్నాయి. అంతా ఇంగ్లిష్, వాక్యాలు బరువు, కావలసిన పట్టిక వెతకడానికే పది నిమిషాలు. ఎర్తింగ్ పూర్తిగా తెలియాలంటే ఐఎస్ 3043 వేరే తెరవాలి. నేషనల్ ఎలక్ట్రికల్ కోడ్ కూడా నా దగ్గర ఉంది కానీ, అది ఆసుపత్రులు, వ్యవసాయ మోటార్ల దాకా పోయే పెద్ద గ్రంథం. అలాంటి పని తగిలినప్పుడే తీస్తాను. ఇవన్నీ బీఐఎస్ సైటులో రిజిస్టర్ చేసుకుంటే ఉచితంగా దిగుతాయి, కొత్త సవరణలు వచ్చాయేమో కూడా అక్కడే చూసుకోవచ్చు.

ఆ రెండు పట్టికలను తెలుగులో అట్టమీద రాసి, లామినేషన్ చేయించి టూల్‌బాక్సు మూతకు అంటించాను. మొన్న మా హెల్పర్ పైపులో నాలుగో సర్క్యూట్ దూర్చబోతూ ఆగి, "అన్నా, 0.65 అవుతుంది, ఇంకో పైపు వేద్దామా?" అన్నాడు. వేశాం.