రిజిస్టర్ చేయించాలా, నిషేధించాలా, నేరానికే శిక్షించాలా: ఏది మేలు?

ప్రభుత్వాన్ని బలంతో కూలదోస్తామనే సంఘాలను చట్టం ఎలా ఎదుర్కోవాలి? దారులు మూడు. పేర్లు, లెక్కలు మా దగ్గర నమోదు చేయించండి అనడం ఒకటి. సంఘాన్నే నిషేధించడం రెండోది. సంఘం జోలికి పోకుండా, నేరం చేసినవాళ్లను పట్టుకుని శిక్షించడం మూడోది. పైకి మొదటిదే మెత్తగా కనిపిస్తుంది. ఫారం నింపమంటున్నారు, అంతేగా అనిపిస్తుంది. నా దృష్టిలో మూడింటిలోనూ చెడ్డది అదే.

అమెరికాలోని సౌత్ కరోలినా 1951లో ఇలాంటి చట్టమే తెచ్చింది. ప్రభుత్వాన్ని బలప్రయోగంతో కూల్చాలని బోధించే సంస్థ రాష్ట్ర అధికారుల దగ్గర నమోదు కావాలి. ఫీజు 5 డాలర్లు. నమోదు కాకపోతే 25,000 డాలర్ల దాకా జరిమానా, 10 ఏళ్ల దాకా జైలు. నిజంగా కుట్ర పన్నేవాడు 5 డాలర్లు పట్టుకుని ఆ ఆఫీసుకు ఎందుకు వెళ్తాడు?

అంతకు ముందు ఏడాది, 1950లో, అమెరికా కాంగ్రెస్ కమ్యూనిస్టు సంస్థలు నమోదు కావాలంటూ మెకారన్ చట్టం చేసింది. దొంగలను షెరీఫ్ (స్థానిక పోలీసు అధికారి) దగ్గర పేర్లు రాయించుకోమన్నట్టుంది ఇది అంటూ అధ్యక్షుడు ట్రూమన్ వీటో చేశాడు. కాంగ్రెస్ ఆ వీటోను తోసేసింది. ఆ చట్టం కింద కమ్యూనిస్టు సంస్థగా నమోదైతే సభ్యులు పాస్‌పోర్టుకు దరఖాస్తు పెట్టకూడదు, ఫెడరల్ ఉద్యోగం చేయకూడదు. సంస్థ పోస్టులో పంపే ప్రతి పత్రిక కవరు మీదా ఇది కమ్యూనిస్టు సంస్థ పంపుతున్నదని అచ్చు వేయాలి. నమోదు కాకపోతేనో, ఆలస్యమైన ప్రతి రోజూ ఒక కొత్త నేరం. ఒక్కో రోజుకు 5 ఏళ్ల దాకా జైలు. పైగా కమ్యూనిస్టు పార్టీ సభ్యత్వాన్నే కేసుగా మార్చే స్మిత్ చట్టం 1940 నుంచే అమల్లో ఉంది. అంటే ఫారం మీద సంతకం పెడితే ఆ కేసులో ఒప్పుకోలు, పెట్టకపోతే ఈ కేసులో నేరం.

కేసులు ఏళ్ల తరబడి నడిచాయి. 1961లో అమెరికా సుప్రీంకోర్టు 5-4తో కమ్యూనిస్టు పార్టీ నమోదు ఉత్తర్వును నిలబెట్టింది. 1965లో మాత్రం, సభ్యులను నమోదు కమ్మనడమంటే తమ మీద తామే సాక్ష్యం చెప్పమనడమేనని ఏకగ్రీవంగా తేల్చింది. మన రాజ్యాంగంలో 20(3) అధికరణం ఇచ్చే రక్షణ కూడా ఇదే. అమెరికాలో ఈ నమోదు ఉత్తర్వుల కోసం పెట్టిన బోర్డు 1973లో మూతపడింది.

రిజిస్ట్రేషన్‌కు అనుకూలంగా ఒక గట్టి ఉదాహరణ ఉంది, దాన్ని దాటేయకూడదు. ముసుగులేసుకుని దాడులు చేసే కు క్లక్స్ క్లాన్ సభ్యుల జాబితా ఇవ్వాలని న్యూయార్క్ 1923లో చట్టం చేసింది, 1928లో సుప్రీంకోర్టు దాన్ని సమర్థించింది. క్లాన్ చేతిలో నలిగినవాళ్లకు ఆ జాబితా నిజంగా అవసరమే. కానీ 1950ల్లో అలబామా రాష్ట్రం, వ్యాపార సంస్థల రిజిస్ట్రేషన్ చట్టాన్ని అడ్డం పెట్టుకుని, నల్లజాతి హక్కుల కోసం పోరాడే ఎన్ఏఏసీపీని సభ్యుల పేర్లు అడిగింది. ఇవ్వనందుకు లక్ష డాలర్ల జరిమానా. పేరు బయటపడితే ఆ సభ్యుడి ఉద్యోగం పోవచ్చు, ప్రాణానికే ముప్పు రావచ్చు. 1958లో సుప్రీంకోర్టు అడ్డుపడింది. జాబితా ఎవరి చేతిలో పడుతుందో ఆ చట్టం రాసేవాళ్లకు ముందే తెలియదు.

ఇక నిషేధం. ఇది కఠినమైనదే, కానీ ప్రభుత్వం తాను చేసేదేమిటో దాచుకోదు. కారణాలు చూపించాలి, వాటిని కోర్టులో ప్రశ్నించవచ్చు. మద్రాసు ప్రభుత్వం 1950 మార్చిలో పీపుల్స్ ఎడ్యుకేషన్ సొసైటీని చట్టవిరుద్ధమని ప్రకటించింది. కోస్తా, రాయలసీమ జిల్లాలు అప్పట్లో ఆ రాష్ట్రంలోనే ఉండేవి. ఆ సొసైటీ చక్కగా రిజిస్టరైన సంస్థ! దాని కార్యదర్శి వి.జి.రో కోర్టుకెక్కాడు. ప్రభుత్వం అనుకుంటే చాలు సంఘం పోతుందనడం సమంజసం కాదని 1952లో మన సుప్రీంకోర్టులో జస్టిస్ పతంజలి శాస్త్రి ధర్మాసనం తీర్పిచ్చింది. ఇప్పటి ఉపా చట్టం (చట్టవిరుద్ధ కార్యకలాపాల నిరోధక చట్టం) కింద ఒక సంఘాన్ని చట్టవిరుద్ధమని ప్రకటిస్తే, అది సరైనదో కాదో హైకోర్టు జడ్జి ట్రిబ్యునల్ ఆరు నెలల్లో తేల్చాలి.

అయితే నిషేధం పక్కవాళ్లనూ లాగుతుంది. 2005 ఆగస్టులో ఆంధ్రప్రదేశ్‌లో మావోయిస్టులతో పాటు విప్లవ రచయితల సంఘాన్నీ నిషేధించారు. మాట్లాడుకునే తలుపులూ మూసుకుపోతాయి. 2004 అక్టోబరులో నక్సలైట్లతో చర్చలు జరిగింది పీపుల్స్‌వార్ మీద నిషేధం తొలగాకే.

అందుకే నేను మూడో దారి వైపు నిలబడతాను. ఘోరం జరిగేదాకా పోలీసులు చేతులు కట్టుకు కూర్చోవాలా అని అడిగేవాళ్లున్నారు. ఆయుధాలు పోగేయడం, కుట్ర పన్నడం, డబ్బు కోసం బెదిరించడం ఇవన్నీ ఇప్పటికే నేరాలు. వాటికి సాక్ష్యం తెచ్చి కేసు పెట్టడానికి సభ్యుల జాబితా అక్కర్లేదు.