చమ్కీ చల్లిన సుద్దముద్దను గెలాక్సీ రాయని అమ్ముతున్నాడు, డబ్బులు పంపేముందు చదవండి

చేతులకంటిన నల్లరంగు ఇంకా పోలేదు, ఆ చేతులతోనే టైప్ చేస్తున్నా, తప్పులుంటే సర్దుకోండి.

ఎవరి గురించో పాచికలేసి కథలాటలాడే మనవాళ్ళకి చెప్పక్కర్లేదు. బొమ్మ కొండలు, కోటలు చేసి పార్సిల్ పంపే ఆయన, ప్రతి వీడియోలో 'అన్నా, మనది నమ్మకం' అంటుంటాడే, ఆయనే. పేరు రాయను, రాస్తే దానికో గొడవ మళ్ళీ.

మాది ఒంగోలు. ఆదివారాలు నలుగురం కూర్చుని, ఒక్కొక్కరం ఒక్కో పాత్రగా, పాచికలేసి కథ నడుపుకుంటాం. అందులో నేను కల్పించిన చోటు తిరకాసు కోన. నల్ల కొండ, ఒళ్ళంతా చుక్కలు, రాత్రి ఆకాశం జారిపడి గడ్డకట్టినట్టుంటుంది. లోపలికి పోయినవాడు వెనక్కి తిరిగి చూస్తే వచ్చిన దారి ఉండదు, వాడి నీడ వాడికంటే ముందే మలుపు తిరుగుద్ది. అన్నిటికంటే ప్రమాదం ఏందంటే, అక్కడ చెప్పిన అబద్ధం నిజమైపోద్ది. ఆటలో మావాడొకడు దొంగల్ని తప్పించుకోవడానికి 'నాకు కుడిచెయ్యి లేదు' అన్నాడు, అంతే, మూడు నెలల నుంచి ఎడంచేత్తోనే కత్తి తిప్పుతున్నాడు పాపం.

ఈ కోనకి మోడల్ చేయిద్దామని నాకు పుట్టింది బుద్ధి. అసలు చుక్కల నల్లకొండ అన్న ఆలోచనే మా దగ్గర చీమకుర్తిలో దొరికే గెలాక్సీ రాయిని, అదే మెరిసే చుక్కలుండే నల్లరాయిని, చూసి వచ్చింది కాబట్టి, ఆ రాయితోనే కావాలన్నా. అడుగు చదరం పలక, దానిమీద జానెడు కొండ, 6,500. సగం ముందు, సగం వీడియో చూశాక. వీడియోలో బల్బు వెలుగుకి అది తళతళలాడింది, నేనూ తళతళలాడిపోయి మిగతా సగం కొట్టేశా.

పార్సిల్ ఎత్తగానే తెలియాలి నాకు. అంగుళం మందం ఉన్న అడుగు చదరం గెలాక్సీ పలక ఒక్కటే ఆరు కేజీల పైన తూగుద్ది, ఇది కొండతో సహా ఒంటిచేత్తో లేచింది. 'ఏదో ప్రత్యేకంగా చెక్కుంటాడులే' అనుకున్నా. నిజంగా అలాగే అనుకున్నా, నవ్వుకోండి.

అమ్మ దుమ్ముందని తడిగుడ్డతో తుడిచింది. గుడ్డ నల్లగా అయింది, వేళ్ళకి చమ్కీ అంటింది. "ఏందిరా ఇది, పండగ బొమ్మకేసే రంగులాగుందే" అంది. వెంటనే బాబాయికి ఫోన్ చేశా. ఆయన చీమకుర్తిలో పాలిషింగ్ ఫ్యాక్టరీలోనే పని చేస్తాడు. అవును, సొంత బాబాయి! వెన్న చేతిలో పెట్టుకుని నెయ్యికోసం ఊరంతా తిరిగింది నేనే, మీరు తిట్టక్కర్లేదు, ఇంట్లో ఆ పని అయిపోయింది. ఆయన చెప్పిందేమంటే, ఆ మెరిసే చుక్కలు పైపూత కాదు, బ్రాంజైట్ అనే ఖనిజం, రాయిని ఎక్కడ కోసినా లోపల కూడా కనపడతాయి, మూల కొట్టి చూడమన్నాడు. (ఆ రాయి శాస్త్రం ప్రకారం గ్రానైటే కాదంట, గాబ్రో అనే వేరే రాతి జాతిదంట, వ్యాపారంలో గ్రానైట్ అంటారంట. అసలు సరుక్కే పేరు అబద్ధమైతే నకిలీవాడిని ఏమనాలి?) కొట్టా. లోపల తెల్లగా ప్లాస్టర్ ఆఫ్ పారిస్.

సరే, మోసం ఇంతవరకూ మామూలే, డబ్బులు పోతే పోయినాయి అనుకునేవాణ్ణేమో. అమ్మినాయనకి ఫోన్ చేసినప్పుడు ఆయన మాట్లాడిన తీరుంది చూడండి, దానికే ఇది రాస్తున్నా.

డబ్బులు అందేదాకా 'అన్నా, అన్నా' అన్నవాడు, ఇప్పుడు "చెప్పు" అన్నాడు. విషయం చెప్పా. "పగలగొట్టింది నువ్వే కదా, ఇంక నేనేం చేసేది" అన్నాడు. అది రాయి కాదయ్యా, సుద్ద అన్నా. కాసేపు మాట్లాడలేదు, ఫోన్ పెట్టేశాడేమో అనుకున్నా. తర్వాత నవ్వుతూ అన్నాడు కదా, "నువ్వే రాసి పంపావు గదా, మీ కోనలో అబద్ధం చెప్తే నిజమైపోద్దని. ఇది గెలాక్సీ రాయి, గెలాక్సీ రాయి అని పదిసార్లు అనుకో, అదే అయిపోద్ది."

పక్కన ఇంకెవరో కూడా నవ్వారు. ఫోన్ స్పీకర్‌లో పెట్టి ఉన్నాడన్నమాట.

బొమ్మ ఎలా ఉండాలో అర్థం కావాలని నేనే నాలుగు పేజీలు రాసి పంపా. ఎవరికీ చూపించకుండా రాసుకున్న కథ, ఇష్టంగా చదువుతాడనుకున్నా. చదివాడు, బాగానే చదివాడు, నా మీదే తిప్పడానికి పనికొచ్చేంత శ్రద్ధగా. నాకు వెంటనే ఒక్క మాట కూడా తోచలేదు. గంట తర్వాత తోచింది, అప్పటికి నంబర్ బ్లాక్ చేశాడు.

కొనేవాళ్ళు ఉంటే, బరువెంతో ముందే అడగండి, తూకం మీద పెట్టి వీడియో తీయమనండి. వచ్చాక అడుగున దూదితో నెయిల్ పాలిష్ రిమూవర్ రుద్దండి, నలుపు వదిలితే రంగేసినట్టే. నాలాగా కోపంలో పగలగొట్టొద్దు, పార్సిల్ విప్పేటప్పుడే వీడియో తీసుకోండి.

వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కి ఫోన్ చేసి ఫిర్యాదు రాయించా. రేపు ఆదివారం ఆటకి బాబాయి ఫ్యాక్టరీలో పడేసిన ముక్క ఒకటి గోతాంలో పంపిస్తున్నాడు. చెక్కింది కాదు, కొండలాగా ఉంటుందో లేదో తెలియదు, బరువు మాత్రం ఇద్దరు మోయాలంట.