వెనక పెన్‌డ్రైవ్ వేలాడే ‘7,500 ఆటల’ మినీ కన్సోల్ జోలికి వెళ్లకండి

సూపర్ నింటెండో క్లాసిక్ మినీని సెకండ్ హ్యాండ్‌లో కొనాలనుకుంటున్నవారు, అందులోనూ ‘వేల ఆటలు కలిపి ఇస్తాం’ అన్న ప్రకటన చూసి ఊగిపోతున్నవారు, డబ్బు పంపేముందు ఇది చదవండి. నేను 16,500 రూపాయలు పెట్టి కొన్నాను. అందులో 12,000 కన్సోల్‌కు, 4,500 అదనపు ఆటలకు. పన్నెండు వేల వస్తువు నిక్షేపంలా ఉంది. ఆ నాలుగున్నర వేల సరుకే మూడు వారాలపాటు మా ఇంట్లో ఏడుపులు పెట్టించింది.

ముందు నా తప్పు ఒప్పుకుంటాను. మా చిన్నప్పుడు వీడియో గేమ్ అంటే టీవీకి వైర్లు గుచ్చి, పసుపురంగు క్యాసెట్ దూర్చి ఆడుకున్నదే. ఆడకపోతే క్యాసెట్ బయటికి తీసి, నోటితో ఉఫ్ అని ఊది మళ్లీ పెట్టేవాళ్లం. దాని మీద ‘9999 ఇన్ 1’ అని పెద్ద అక్షరాలతో ఉండేది. లోపల ఉన్నవి పదో పన్నెండో ఆటలు. అవే పేర్లు మార్చుకుని, ఒక చోట మొదటి లెవెల్ నుంచి, ఇంకో చోట మూడో లెవెల్ నుంచి మొదలవుతూ, జాబితా నిండా తిరుగుతుండేవి. ఆ మోసాన్ని పదేళ్ల వయసులో ఒక్క వేసవి సెలవుల్లోనే కనిపెట్టినవాణ్ని. నలభై దాటాక మళ్లీ అందులోనే పడ్డాను. ఈసారి అంకె కాస్త తక్కువగా ఉండడంతో నిజమని నమ్మానేమో.

ఈ కన్సోల్ సంగతి తెలియనివారికి రెండు మాటలు. 1990ల నాటి సూపర్ నింటెండో అనే వీడియో గేమ్ యంత్రానికి ఇది చిన్న రూపం. నింటెండో దీన్ని 2017 సెప్టెంబర్ 29న అమెరికాలో 79.99 డాలర్లకు విడుదల చేసింది. అరచేతిలో పట్టేంత పెట్టె, రెండు కంట్రోలర్లు, లోపల 21 ఆటలు. 1990ల మధ్యలో తయారై కూడా బయటికి రాకుండా ఆగిపోయిన స్టార్ ఫాక్స్ 2 అనే ఆట మొదటిసారి జనం చేతికి వచ్చింది దీనితోనే. అది కూడా ఇందులోనే ఉన్న మొదటి స్టార్ ఫాక్స్ ఆటలో తొలి దశ పూర్తి చేస్తేనే తెరుచుకుంటుంది. 2018 చివరి పండుగ సీజనుతో కంపెనీ సరఫరా ఆపేసింది. మన దేశంలో అధికారికంగా అమ్మకానికే రాలేదు. కాబట్టి ఇక్కడ కనిపించే ప్రతి పెట్టే ఎవరి సూట్‌కేసులోనో, ఏ దిగుమతి వ్యాపారి దగ్గరి నుంచో వచ్చినదే. ‘సీల్డ్, కొత్తది’ అని ఎవరైనా అంటే ముందు అనుమానించండి.

నాకు అమ్మిన వ్యక్తి నగరంలో పాత గేమ్ కన్సోళ్లు బాగుచేసి అమ్ముతుంటాడు. పేరు రాయను. ఫోనులో మర్యాదగానే మాట్లాడాడు. “సార్, 21 ఆటలకు పన్నెండు వేలు పెట్టడం ఎందుకు? ఇంకో నాలుగున్నర వేస్తే 7,500 ఆటలు. పాపకు పెళ్లయ్యేదాకా ఆడుకోవచ్చు” అన్నాడు. చెప్పేవాడికి వినేవాడు లోకువ. వెంటనే డబ్బు పంపేశాను.

పెట్టె వచ్చింది. కన్సోల్ వెనక ఛార్జర్ తీగ నేరుగా గుచ్చే చోట, అగ్గిపెట్టె సైజు నల్లటి హబ్ ఒకటి వేలాడుతోంది. ఛార్జర్ దానికి గుచ్చాలి. దానిలోంచే ఒక పెన్‌డ్రైవ్ బయటికి పొడుచుకొచ్చింది. టీవీ బల్ల మీద పెడితే ఆ బరువుకు కన్సోల్ వెనక్కి జారుతోంది. హబ్‌ను చేత్తో కాస్త కదిపితే తెర నల్లబడి, మళ్లీ మొదటి నుంచి ఆన్ అవుతోంది. హబ్ కింద మడిచిన కాగితం ముక్క పెట్టి సర్దాను. 16,500 పెట్టి కొన్న వస్తువుకు కాగితం ముక్క ఆసరా!

మెనూ తెరుచుకోవడానికి నిమిషం పైనే పట్టింది. లోపల ఫోల్డర్లు, ఫోల్డర్లలో ఫోల్డర్లు. మొదటి రోజు పండగే. రెండో ఆదివారం మా అమ్మాయి, నేను నోటు పుస్తకం పట్టుకుని లెక్కకు కూర్చున్నాం. స్ట్రీట్ ఫైటర్ 2 ఒక్కటే పదకొండు చోట్ల తేలింది. జపాన్‌ది ఒకటి, యూరప్‌ది ఒకటి, సగం తయారైన నమూనా ఒకటి, పాత్రల రంగులు మార్చినవి కొన్ని. పూర్తిగా జపనీస్ అక్షరాలతో ఉన్న మాజాంగ్ (బిళ్లలతో ఆడే ఆట) ఆటలు ఒక ఫోల్డర్ నిండా ఉన్నాయి. మా ఇంట్లో మాజాంగ్ ఎవరికి వచ్చు? ఇంకో మాట. సూపర్ నింటెండోకు ఉత్తర అమెరికాలో అధికారికంగా విడుదలైన ఆటలే మొత్తం 700 పైచిలుకు. 7,500 అన్న అంకె ఎక్కడినుంచి వస్తుందో ఇక మీరే ఊహించుకోండి. వాపును చూసి బలుపనుకున్నాను.

ఆ రోజు వరసగా యాభై ఆటలు తెరిచి చూశాం. పంతొమ్మిది తెరుచుకోలేదు. తెర మీద ‘సి8’ అన్న పొట్టి సందేశం, అంతే. కన్సోల్‌లోని ఎమ్యులేటర్, అంటే పాత ఆటలను కొత్త యంత్రంలో నడిపే ప్రోగ్రాం, ఆ ఆటను నడపలేక చేతులెత్తేసిందని దాని అర్థం. దానికి రెండు కారణాలు ఉండవచ్చు. అప్పట్లో కొన్ని ఆటల క్యాసెట్లలో అదనపు చిప్‌లు ఉండేవి, వాటిలో కొన్నింటిని ఈ ఎమ్యులేటర్ అర్థం చేసుకోలేదు. లేదంటే ఆట ఫైలే పాడై ఉండాలి. మా ఇంట్లో రెండో కారణమే ఎక్కువని తర్వాత తెలిసింది.

అసలు దెబ్బ మూడో వారంలో తగిలింది. మా అమ్మాయి రోజూ హోంవర్క్ అయ్యాక అరగంట జెల్డా ఆడేది. ఆ ఆట పూర్తి పేరు ఎ లింక్ టు ది పాస్ట్. అందులో చీకటి లోకం అనే భాగం దాకా వెళ్లింది. ఒక సాయంత్రం ఆన్ చేస్తే ఆట ఉంది, తను ఆడినంతవరకు దాచుకున్న చోటు మాత్రం ఖాళీ. ఈ కన్సోల్‌లో ఒక్కో ఆటకు ఎక్కడ కావాలంటే అక్కడ ఆపి దాచుకునేందుకు నాలుగు గళ్లు ఉంటాయి. నాలుగూ ఖాళీ. “నాన్నా, నేనేమీ చేయలేదు” అంటూ అది నా వైపు చూసిన చూపు ఇంకా మరిచిపోలేకపోతున్నాను. మర్నాడు ఫోల్డర్లలో సగం మాయం. ఆ మర్నాడు మెనూయే రాలేదు.

అమ్మినవాడికి ఫోన్ చేశాను. “మిషన్‌కు వారంటీ ఉంది సార్, ఆటలకు లేదు” అన్నాడు. మిషన్ ఆన్ కావడం లేదు కదయ్యా అంటే, “పెన్‌డ్రైవ్ ఫార్మాట్ చేసి మళ్లీ వేసిస్తాను, 1,500 అవుతుంది” అన్నాడు. గోరుచుట్టు మీద రోకటి పోటు. నేను గొంతు పెంచేసరికి ఫోన్ పెట్టేశాడు. తర్వాత నా సందేశాలకు నీలం టిక్కులు పడ్డాయి తప్ప సమాధానం రాలేదు. బిల్లు ఇవ్వలేదని అప్పుడు గుర్తొచ్చింది. బిల్లు ఉంటే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫిర్యాదు చేయవచ్చు. నా దగ్గర ఉన్నది ‘పాత బొమ్మ’ అని రాసి పంపిన నగదు బదిలీ మాత్రమే. అలా రాయమని చెప్పింది కూడా అతనే. ఎందుకో ఆలోచించనైనా లేదు. ఆ ఆటలకు హక్కుదారులు ఉన్నారు. వాటి కాపీలు వేసి డబ్బుకు అమ్మడం పైరసీ. దొంగ సరుకు కొన్నవాడు ఎవరి దగ్గరికి వెళ్లి మొరపెట్టుకుంటాడు?

మా బావమరిది సంక్రాంతికి వచ్చినప్పుడు దాన్ని ముందేసుకుని కూర్చున్నాడు. “బావా, ముందు ఈ వేలాడేదంతా పీకేయండి” అన్నాడు. హబ్, పెన్‌డ్రైవ్ తీసేసి ఛార్జర్ నేరుగా గుచ్చాం. కొన్ని క్షణాల్లోనే మెనూ వచ్చింది. అసలు 21 ఆటలు, అన్నీ చక్కగా. వాటిలో జెల్డా కూడా. మా అమ్మాయి దాచుకున్నవి మాత్రం లేవు. ఆటలతోపాటు ఆ సేవ్‌లు కూడా పెన్‌డ్రైవ్ మీదికే వెళ్లేలా అమ్మినవాడు అమర్చాడు.

తర్వాత ఆ పెన్‌డ్రైవ్‌ను లాప్‌టాప్‌కు గుచ్చి, నిజమైన సామర్థ్యం తేల్చే ఉచిత ప్రోగ్రాం ఒకటి నడిపాడు. పైన 128 జీబీ అని ఉంది. నిండా రాసి తిరిగి చదివిస్తే తేలింది 16 జీబీ. ఇలాంటి నకిలీ డ్రైవ్‌లలో లోపలి చిప్ కంప్యూటర్‌కు అబద్ధపు సామర్థ్యం చెబుతుంది. కంప్యూటర్ నమ్మి రాస్తూ పోతుంది. నిజమైన చోటు నిండిపోయాక రాసినది గాలిలో కలుస్తుంది, లేదా పాతదాని మీదే పడి దాన్ని చెరిపేస్తుంది. ఆటల పేర్లు జాబితాలో కనిపిస్తాయి, లోపల ఏమీ ఉండదు. మేడిపండు. మా అమ్మాయి రోజూ దాచుకుంటున్న కొద్దీ ఏదో ఒకటి చెడిపోతూ వచ్చిందన్నమాట.

ఇక్కడ కొంచెం లెక్క చెబుతాను, ఎందుకంటే ఈ లెక్క ముందే తెలిసి ఉంటే నేను మోసపోయేవాణ్ని కాను. ఈ కన్సోల్ లోపలి మెమరీ 512 ఎంబీ. సిస్టమ్‌కు పోను సుమారు 300 ఎంబీ మన ఆటలకు దొరుకుతుంది. ఈ రోజుల్లో ఫోనులో ఒక్క వీడియోకు కూడా చాలదు అనిపిస్తుంది. కానీ సూపర్ మారియో వరల్డ్ మొత్తం అర ఎంబీ. స్ట్రీట్ ఫైటర్ 2 టర్బో రెండున్నర. డాంకీ కాంగ్ కంట్రీ నాలుగు. ఆ కాలపు అతి పెద్ద క్యాసెట్లే 6 ఎంబీ. అంటే వందకు పైగా ఆటలు ఏ హబ్బూ, ఏ పెన్‌డ్రైవూ లేకుండా కన్సోల్ కడుపులోనే పడతాయి. ఒక మనిషి ఓపికగా ఆడుకోవడానికి వంద చాలు. వెనక పెన్‌డ్రైవ్ వేలాడుతోందంటే, అమ్మేవాడు మీ ఆట కోసం కాదు, ప్రకటనలోని అంకె కోసం దాన్ని తగిలించాడని అర్థం చేసుకోండి. సోనీ వాళ్ల ఇలాంటి మినీ కన్సోల్ ప్లేస్టేషన్ క్లాసిక్ సంగతి వేరు. దానిలో ఒక్కో ఆట వందల ఎంబీ ఉంటుంది కాబట్టి, ఆటలు కలిపేవారు ముందరి కంట్రోలర్ పోర్టుకే పెన్‌డ్రైవ్ తగిలిస్తారు. అక్కడ కూడా ఎక్కువ కరెంటు లాగే డ్రైవ్‌లు పనిచేయవని గుర్తుంచుకోండి.

ఆటలు కలపడమే తప్పని నేను అనడం లేదు. హక్చి అనే ఉచిత ప్రోగ్రాంతో మన చేతులతో మనమే చేసుకోవచ్చు. కన్సోల్‌ను కంప్యూటర్‌కు తగిలించి, రీసెట్ బటన్ నొక్కి పట్టుకుని పవర్ ఆన్ చేయాలి. మొదటిసారి మాకు గంటసేపు కంప్యూటర్ గుర్తే పట్టలేదు. తీరా చూస్తే తప్పు తీగది. ఛార్జింగ్‌కు మాత్రమే పనికొచ్చే తీగలు ఉంటాయి, డేటా వెళ్లే తీగ కావాలి. ఇంట్లో ఉన్న ఎనిమిది తీగల్లో పనికొచ్చింది ఒక్కటే, అది పాత ఫోనుతో వచ్చినది. ఏదైనా మార్చేముందు లోపలిదంతా కంప్యూటర్‌లోకి బ్యాకప్ తీసుకోండి. నాకు అమ్మినవాడు ఆ బ్యాకప్ తీశాడో లేదో ఇప్పటికీ చెప్పలేదు. అదృష్టం ఏమిటంటే, రీసెట్ నొక్కి తెరిచే ఆ దారి చిప్‌లోనే ఉంది కాబట్టి, సాఫ్ట్‌వేర్ పాడైనా సాధారణంగా మళ్లీ దారికి తెచ్చుకోవచ్చు. ‘చచ్చిపోయింది, బోర్డు మార్చాలి, ఐదువేలు’ అని ఎవరైనా అంటే తొందరపడి ఒప్పుకోకండి.

ఉత్త కన్సోల్ కొనేటప్పుడు కూడా చేతిలోకి తీసుకుని చూడండి. ముందువైపు కంట్రోలర్ రంధ్రాల్లా కనిపించేది నిజానికి మూత. దాన్ని కిందికి లాగితే అసలు రంధ్రాలు లోపల ఉంటాయి. మూత లేకుండా పాతకాలపు పిన్నుల కనెక్టర్ బయటే కనిపిస్తే నకిలీ. టీవీకి వెళ్లే తీగ హెచ్‌డీఎంఐ అయి ఉండాలి. ఎరుపు, తెలుపు, పసుపు తీగలతో, ‘621 ఆటలు’ అంటూ వచ్చేవి ఈ కన్సోల్ కానే కావు. ఆన్ చేయించి ఏదో ఒక ఆటను మధ్యలో ఆపి, దాచి, కన్సోల్ పూర్తిగా ఆపేసి, మళ్లీ ఆన్ చేసి చూడండి. దాచినది దాచినచోటే ఉండాలి. అమ్మేవాడు ‘టైమ్ లేదు సార్’ అంటే మీకు కూడా టైమ్ లేనట్టే వెనక్కి వచ్చేయండి.

ఇప్పుడు మా కన్సోల్‌లో 21 ఆటలే ఉన్నాయి. వెనక ఏమీ వేలాడటం లేదు. మా అమ్మాయి జెల్డా మళ్లీ మొదలుపెట్టింది, వాన కురుస్తున్న ఆ రాత్రి నుంచి. ఈసారి ఎక్కడ ఏ తాళం దొరుకుతుందో దానికి కంఠతా వచ్చు.

నిన్న అదే ప్రకటన మళ్లీ కనిపించింది. నాకు పంపిన ఫోటోయే, వెనక నల్లటి హబ్‌తో సహా. అంకె మాత్రం మారింది. ఇప్పుడు 10,500 ఆటలట.